ఊరి రంగు పోగొట్టడం ఎలా: రంగులు మార్చే మాయను కథలో కట్టే పద్ధతి

కథలో దయ్యాన్ని పెట్టడం తేలిక. చింతచెట్టు, అమావాస్య, గజ్జెల చప్పుడు ఉంటే మిగతాది పాఠకుడే చూసుకుంటాడు. ఊరి రంగు మార్చడం అంత తేలిక కాదు. నేను మొదటిసారి ఈ పని పెట్టుకున్నప్పుడు ఆకాశం ఊదా, చెరువు బంగారం, చెట్లు నీలం అంటూ మూడు పేజీలు పూసేశాను. చదివిన స్నేహితుడు ఒక్క మాటే అడిగాడు: "బాగుంది గానీ, ఆ పొద్దున పాలు ఏ రంగులో ఉన్నాయి? పిల్లలు తాగారా?" నా దగ్గర జవాబు లేదు. కథ చింపేశాను.

ఆ తర్వాత నేను నేర్చుకున్న పద్ధతిని ఇక్కడ వరసగా చెబుతాను. మొదటి నుంచి చివరి దాకా ఒకటే నమూనా కథ: బాపట్ల వైపు, సముద్రానికి కాస్త ఇవతల, ఒక పక్క ఇసుకనేల, ఇంకో పక్క నల్లరేగడి ఉన్న ఊరు. ఆ ఊళ్ళో ఎరుపు పోతుంది. ఊరూ మాయా కల్పితం. మధ్యలో చెప్పే సైన్సు, చరిత్ర మాత్రం నిజం.

1. ఒక్క రంగు ఎంచుకుని, దాన్ని తీసేయండి

కొత్త రంగులు చల్లడం కంటే ఉన్న రంగును తీసేస్తేనే కథకు బలం. రంగు చల్లితే పాఠకుడు బొమ్మ చూసినట్టు చూసి పేజీ తిప్పేస్తాడు. తీసేస్తే ఎవరో ఒకరి పని ఆగిపోతుంది. అందుకే కాగితం మీద మొదట రాయాల్సింది రంగుల పేర్లు కాదు, ఆ రంగును నమ్ముకుని బతికేవాళ్ళ జాబితా.

ఆకుపచ్చ తీసేస్తే చేలు, తోటలు, గట్లు అన్నీ ఒకేసారి పోతాయి. రెండో రోజుకే అది కరువు కథ అయిపోతుంది. నీలం తీసేస్తే పల్లెలో పెద్దగా ఎవరికీ పట్టదు. ఎరుపు తీసేశారా, చేతినిండా పని. మిరప కల్లం, కుంకుమ, పారాణి, గోరింటాకు, ఇటుకబట్టీ, టమాటా, గ్యాస్ బండ, దెబ్బ తగిలితే కారే రక్తం.

మిరపకాయనే తీసుకోండి. రంగు వెలిసిపోయిన కాయను గుంటూరు యార్డులో తాలు అంటారు. దానికి వచ్చే రేటు మంచి కాయ రేటులో చాలా తక్కువ. మన ఊళ్ళో ఒక్క రాత్రిలో కల్లంలో ఆరబోసిన రాశి మొత్తం తాలులా పాలిపోయింది. కానీ కారం ఇచ్చే క్యాప్సైసిన్‌కు అసలు రంగే లేదు, ఎరుపు ఇచ్చే పదార్థాలు వేరు. కాబట్టి ఘాటు రవ్వంత కూడా తగ్గదు. రైతు ఒక కాయ తుంచి వ్యాపారి నోట్లో పెడతాడు. ఆయనకు కళ్ళవెంట నీళ్ళు కారతాయి, ముక్కు ఎగబీలుస్తాడు, అయినా తాలు రేటే రాస్తాడు. మాయ గురించి ఒక్క మాట చెప్పకుండానే ఆ రైతు ఎంత నష్టపోయాడో చదివేవాడికి తెలిసిపోతుంది.

కోడిపందేలు ఇష్టమైనవాళ్ళకు ఇంకో దారి కూడా ఉంది. కుక్కుటశాస్త్రంలో పుంజుకి పేరు ఈకల రంగును బట్టే: నల్లది కాకి, తెల్లది సేతువ, ఎర్రది డేగ. ఏ రోజు ఏ రంగు గెలుస్తుందో చూసి పందెం కాస్తారు. సంక్రాంతి బరిలో డేగ తెల్లబడిపోతే డబ్బులు ఎవరివి? నేను రాయలేదు. కావాలంటే మీరు తీసుకోండి.

2. రంగు ఎక్కడ పోయిందో తేల్చుకోండి

కంట్లో పోయిందా, వెలుగులో పోయిందా, వస్తువులో పోయిందా? ఈ మూడింటిలో ఒకటి తేల్చుకోకుండా రెండో పేజీకి వెళ్ళకండి. నేను చదివిన ఇలాంటి కథల్లో సగం ఇక్కడే తడబడ్డాయి.

కంట్లో అయితే అది పచ్చకామెర్లవాడికి లోకమంతా పచ్చగా కనిపిస్తుందన్న సామెత లాంటిది. ఊరివాళ్ళకు ఎరుపు కనపడదు, పండక్కి వచ్చిన అల్లుడికి మాత్రం అన్నీ మామూలే. అప్పుడు కథ నడిచేది "మీకు పిచ్చెక్కిందా?" అన్న ప్రశ్న మీద.

వెలుగులో అయితే వేరే. పాత పసుపు సోడియం వీధిదీపాల కింద ఎర్ర చీర మట్టిరంగులో కనిపించి, ఇంటికొచ్చాక ట్యూబులైటు కింద మళ్ళీ ఎర్రబడేది గుర్తుందా? వెలుగులో ఎర్ర కిరణం తగినంత లేకపోతే చీర మాత్రం దేన్ని తిప్పి పంపుతుంది? ఆకాశమే ఇలా మోసం చేసిన సందర్భం కూడా ఉంది. 1883 ఆగస్టులో క్రకటోవా అగ్నిపర్వతం పేలాక, సెప్టెంబరులో సింహళంలోనూ మద్రాసు వైపూ సూర్యుడు ఆకుపచ్చగా కనిపించాడు. గాలిలో చేరిన సన్నటి ధూళి చేసిన పని అది. ఇలాంటి మాయలో వస్తువును ఊరు దాటిస్తే దాని రంగు దానికి వచ్చేస్తుంది.

వస్తువులోనే పోతే ఎక్కడికి తీసుకెళ్ళినా అది వెలిసిపోయిన సరుకే. మిరప రైతు గుంటూరులో నష్టపోవాలంటే ఇదొక్కటే కుదురుతుంది. అందుకే నేను దీన్ని ఎంచుకున్నాను.

ఎంచుకున్నాక దాన్ని అన్ని వైపుల నుంచీ పరీక్ష పెట్టండి. వస్తువుల్లో మాత్రమే ఎరుపు పోతే, తనంతట తాను వెలిగేవాటికి ఏమీ కాదు. పొయ్యిలో నిప్పు ఎర్రగానే ఉంటుంది. సాయంత్రపు ఆకాశం ఎర్రగానే ఉంటుంది, ఆ ఎరుపు సూర్యుడి వెలుగుదే. ఫోన్ తెర కూడా. ఇది నేను ముందు అనుకున్నది కాదు, నియమం పెట్టుకున్నాక దానంతట అదే వచ్చింది: పొద్దుగూకే వేళకు ఊరంతా డాబాలెక్కి పడమటి వైపు నిలబడుతుంది, ఎరుపు చూడ్డానికి. రాత్రి ఒక ఇల్లాలు దుప్పట్లో ఫోన్ పెట్టుకుని తన పెళ్ళి ఫొటోలో పారాణి పెద్దది చేసి చూసుకుంటుంది.

ఇంకో మాట. బాపట్ల మీదుగా రైళ్ళు పోతాయి కాబట్టి ఎర్ర సిగ్నల్ కనపడక ప్రమాదం జరిగినట్టు రాయాలని చెయ్యి లాగుతుంది. నాకూ లాగింది. సిగ్నల్ వెలిగే దీపం కాబట్టి మన నియమం ప్రకారం అది కుదరదు. కుదిరినా పెట్టకండి. రైలు ప్రమాదం వచ్చిందంటే ఆ తర్వాత కుంకుమ గురించి చదివే ఓపిక ఎవరికీ ఉండదు.

3. రంగుతో పాటు పని కూడా పోతుందా?

రక్తం ఎర్రగా ఉండేది హిమోగ్లోబిన్ వల్ల. ఒంట్లో ఆక్సిజన్ మోసేది కూడా అదే. ఆ పదార్థమే మాయమైతే ఊళ్ళో ఎవరూ సాయంత్రం దాకా బతకరు, కథ మొదటి రోజే అయిపోతుంది. కాబట్టి మన మాయ రూపాన్ని మాత్రమే తీసుకుంటుంది, గుణాన్ని ముట్టుకోదు. ఒక్క వాక్యంలో ఈ నియమం రాసి పక్కన అంటించుకోండి. పిల్లవాడు పడి మోకాలు చెక్కుకుపోతే గంజిలాంటి తడి వస్తుంది. తల్లి దాన్ని చెమట అనుకుని తుడిచేస్తుంది.

4. పొలిమేర గీయండి

మాయకు హద్దు లేకపోతే భయం ఉండదు. మన ఊళ్ళలో హద్దు ఎప్పుడో గీసి పెట్టే ఉంది: పొలిమేర రాయి, పోతురాజు, ఊరి నడుమ బొడ్రాయి. వీటిని వాడుకోండి, కొత్తగా మంత్రపు వలయాలు కనిపెట్టొద్దు.

హద్దు ఎంత పదునుగా ఉండాలో తెలియాలంటే కేరళ ఎర్రవాన సంగతి చూడండి. 2001 జులై నుంచి సెప్టెంబరు దాకా కొట్టాయం, ఇడుక్కి వైపు అప్పుడప్పుడూ ఎర్రటి వాన పడింది. ఆరేసిన బట్టలకు మరకలు పట్టాయి. పడినప్పుడు కూడా జిల్లా అంతటా పడింది కాదు. కాస్త మేర ఎర్రవాన, దాని పక్కనే మామూలు వాన. మొదట ఉల్క పేలిందన్నారు. తర్వాత పరీక్షిస్తే నీళ్ళలో ఉన్నవి ట్రెంటిపోలియా అనే ఒక రకం నాచు సిద్ధబీజాలని తేలింది. మనకు ఇక్కడ పనికొచ్చేది ఆ జవాబు కంటే ఆ పక్కపక్క వానలే. ఒక పెరట్లో ఎరుపు, పక్క పెరట్లో మామూలు. అనుమానం, అసూయ, పుకారు అన్నీ ఆ గోడ మీద నుంచే పుడతాయి.

నేను పొలిమేరతో ఆగకుండా నిలువు హద్దు కూడా పెట్టాను. ఎరుపు నేల నుంచి పైకి పోతుంది, వరద నీళ్ళు ఎక్కినట్టు, రోజుకు జానెడు. ఆ గీత కిందికి ఒకసారి దిగిన వస్తువుకు ఎరుపు మళ్ళీ రాదు.

ఈ ఒక్క నియమంతో కథ తనంతట తాను నడవడం మొదలుపెట్టింది. లెక్క వేయండి. జానెడంటే సుమారు తొమ్మిది అంగుళాలు. మొదటి రాత్రి కల్లంలో మిరపకాయలు, కాళ్ళ పారాణి. రెండో రోజు చీర కుచ్చిళ్ళు. మూడో రాత్రికి మంచం ఎత్తు, అంటే పడుకున్న ప్రతి మనిషి నుదుటి బొట్టూ. రక్తం ఒళ్ళంతా తిరిగేది కాబట్టి అది మొదటి రాత్రే పోయి ఉంటుంది, ఎవరికీ తెలియదు. ఏడో రోజుకి గీత అయిదడుగులు దాటుతుంది. నిలబడ్డ ఆడమనిషి నుదురు సరిగ్గా అక్కడే ఉంటుంది.

ఆ మూడో రాత్రి నుంచి ఊళ్ళో ఆడవాళ్ళు పడుకోరు. అరుగు మీద గోడకానుకుని నిలబడి కునుకు తీస్తారు. కుంకుమ భరిణె అటకెక్కుతుంది. ఎందుకో నేను వివరించనక్కర్లేదు: ఎరుపు పోయిన కుంకుమ విబూదిలా ఉంటుంది. ముత్తయిదువ నుదుట విబూది కనిపిస్తే ఊరు ఏమనుకుంటుందో మన పాఠకుడికి తెలుసు. ఇక్కడ మాత్రం జాగ్రత్తగా రాయండి. బొట్టు చెరగడాన్ని భర్త చావుకు సూచనగా వాడితే అది పాత సినిమా షాట్ అయిపోతుంది. నా కథలో ఎవరి భర్తా చావడు. ఊళ్ళో అందరూ ఒకేసారి విధవల్లా కనిపిస్తుంటే నిజంగా భర్త పోయినామె మొదటిసారి పేరంటానికి వెళ్తుంది. ఎవరూ ఆమెను ఆపలేరు, ఎందుకంటే తేడా కనపడటం లేదు.

5. మొదటి సాయంత్రం ఎవరికీ తెలియకూడదు

పగలు మిట్టమధ్యాహ్నం ఠక్కున రంగు మార్చకండి. సంజెవేళ మొదలుపెట్టండి. దీనికి ప్రకృతే తోడుంది. వెలుతురు తగ్గేకొద్దీ కంట్లో రంగులు చూసే కోను కణాలు నెమ్మదించి, మసకలో చూసే దండ కణాలు పని అందుకుంటాయి. వాటికి ఎరుపు దాదాపు ఆనదు. అందుకే చీకటి పడుతుంటే మందారం ముందు నల్లబడుతుంది, దాని ఆకులు ఇంకాసేపు తేటగా కనిపిస్తాయి. 19వ శతాబ్దం మొదట్లో చెక్ శాస్త్రవేత్త పుర్కినే దీన్ని గమనించి రాశాడు, ఆయన పేరే దానికి నిలిచింది. ఒక సాయంత్రం మీ పెరట్లో ఎర్రపువ్వు ముందు పావుగంట కూర్చోండి, తెలుస్తుంది.

అంటే మొదటి రోజు మాయ చేసేదీ, రోజూ సంజె చేసేదీ ఒకటే. ఎవరికీ అనుమానం రాదు. తెల్లారాక ఎరుపు తిరిగి రాకపోతేనే కథ.

6. కారణం నేలలో వెతకండి

శాపం, క్షుద్రపూజ, పురాతన తాళపత్రం జోలికి పోవద్దు. మీ ఊరి నేలకూ ఆ రంగుకూ ఉన్న పాత సంబంధం ఒకటి దొరుకుతుంది. నాకు చిరివేరు దొరికింది.

ఇది కోస్తా ఇసుకనేలల్లో పెరిగే చిన్న మొక్క వేరు. బట్టకు ఎరుపు అద్దడానికి వాడేవాళ్ళు. నిజాంపట్నం వైపు వేరుకి మంచి పేరుండేది. ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ 1611లో బందరుతో పాటు అక్కడ కూడా వర్తకం మొదలుపెట్టింది, పాత రికార్డుల్లో ఆ ఊరి పేరు పెటపోలి. 17వ శతాబ్దంలో ఈ తీరం నుంచి అద్దకం బట్టలు ఓడలకొద్దీ వెళ్ళేవి. ఆ వేరులో ఎరుపునిచ్చేది అలిజరిన్. 1868లో జర్మనీలో దాన్ని ల్యాబులో తయారుచేశారు. చౌక రంగు వచ్చాక ఇసుక తవ్వి వేరు తీసే పనికి విలువ పోయింది.

అద్దకంలో నాకు నచ్చే ముచ్చట ఒకటుంది. ఎరుపు కావాల్సిన చోట ముందు పటిక నీళ్ళతో గీస్తారు. పటిక నీళ్ళకు సొంత రంగు లేదు, గీసేటప్పుడు బట్ట మీద అసలు ఎరుపు ఇంకా తేలదు. తర్వాత రంగు కాగులో వేసి మరిగిస్తే, పటిక పడ్డ చోట మాత్రమే ఎరుపు తేలుతుంది. అంటే ఎరుపు వచ్చే చోటు ముందే రాసిపెట్టి ఉంటుంది, కనపడదంతే.

నమూనా కథలో రొయ్యల చెరువు కోసం పొక్లెయిన్‌తో ఇసుక తోడుతుంటే పాత అద్దకం కాగు ఒకటి పగులుతుంది. ఆ రాత్రి నుంచి నేల తన ఎరుపు తాను వెనక్కి తీసుకుంటుంది. ఈ మాట మాత్రం కథలో ఎవరి చేతా అనిపించకండి. ముసలి పూజారో, సిటీ నుంచి వచ్చిన ప్రొఫెసరో వచ్చి రెండు పేజీలు వివరిస్తే కాగులోని రంగంతా అక్కడే కారిపోతుంది. పగిలిన కాగు ఒక పేజీలో, వేరు తవ్విన ముత్తాతల కబురు ఇంకో పేజీలో ఉంచండి. కలుపుకునే పని చదివేవాడిది.

7. మాటలు సరిచూసుకోండి

"వర్ణించనలవి కాని రంగు", "ఎవరూ ఎన్నడూ చూడని రంగు" అని రాశారంటే చేతులెత్తేసినట్టే. తెలుగులో రంగులకు ఎంత సరుకు ఉంది! వంకాయరంగు, చిలకపచ్చ, నెమలికంఠం, జేగురు, ఇటుకరంగు, చామనచాయ. వెలిసిపోయిన ఎరుపు నా ఊళ్ళో రకరకాలుగా ఉంటుంది. మిరపకాయ ఎండుగడ్డిలా, ఇటుక పాతసున్నంలా, మందారం ఉల్లిపొరలా.

"పచ్చ"తో మాత్రం జాగ్రత్త. పచ్చటి చేను అంటే ఆకుపచ్చ, పచ్చకామెర్లంటే పసుపు. రంగుల కథలో ఈ గందరగోళం కొంప ముంచుతుంది.

ఊరివాళ్ళు మాయకు పెట్టే పేరు పుస్తకంలోంచి ఊడిపడినట్టు ఉండకూడదు. "వర్ణక్షయం" అని ఎవరూ అనరు. "ఎరుపు దిగింది" అంటారు, జ్వరం దిగినట్టు. "మీ ఇంట్లో ఎందాకా వచ్చింది?" అంటే "గడప దాటింది" అంటారు. కానీ పాత నుడికారం ఆగదు. కళ్ళెర్రజేస్తూనే ఉంటారు, ఎర్ర ఏగాణీ లేదంటూనే ఉంటారు, ఎర్రబస్సు దిగొచ్చావా అని వెక్కిరిస్తూనే ఉంటారు. ఒకచోట ఎవరో ఆ మాట అని సగంలో ఆపేస్తే చాలు. రెండోసారి వాడితే జోకు అయిపోతుంది.

8. తిరిగి రావాలా?

మహారాష్ట్రలోని లోనార్ సరస్సు 2020 జూన్‌లో గులాబీ రంగుకు మారింది. నీళ్ళు తగ్గి ఉప్పు పెరిగేసరికి ఉప్పును ఇష్టపడే సూక్ష్మజీవులు విపరీతంగా పెరిగాయి, వాటి రంగే అది. కొన్నాళ్ళకు పోయింది. నిజజీవితంలో వింతలు ఇట్లాగే చడీచప్పుడూ లేకుండా సర్దుకుంటాయి. కథలో ఆ హాయి ఇవ్వకండి. నా కథలో ఎరుపు తిరిగి వస్తుంది గానీ పోయిన చోటికి రాదు. ఎవరు పటిక నీళ్ళతో ఎక్కడ గీసి ఉంచారో అక్కడికి వస్తుంది.

9. పైకి చదివి వినిపించండి

రాసేవాళ్ళకు వినిపిస్తే "ఇమేజరీ బాగుంది" అంటారు, దానితో పని జరగదు. ఇంట్లో వంట చేసేవాళ్ళకు, పొలం వెళ్ళేవాళ్ళకు వినిపించండి. నేను మా పిన్నికి వినిపించాను. రెండో రోజు దృశ్యం అప్పట్లో ఇలా ఉండేది:

పిల్లవాడు పడ్డాడని నాయనమ్మ దిష్టి తీయబోయింది. ఇత్తడి పళ్ళెం నేల మీద పెట్టి, నీళ్ళు పోసి, పసుపు కలిపింది. డబ్బాలోంచి సున్నం వేలితో తీసి వేసి కలిపింది. నీళ్ళు పసుప్పచ్చగానే ఉన్నాయి. ఇంకాస్త వేసింది. అట్లాగే ఉన్నాయి.

"నాయనమ్మా, ఎర్రబడలా."

"నాకు కనపడతానే ఉందిలేవే."

అని, ఆమె చెయ్యి పళ్ళెంలోనే ఉంచేసి కూర్చుంది.

మా పిన్ని కూర చేస్తూ వింటోంది. ఇక్కడ ఆపింది. "సున్నం పాతదేమోరా. గాలికి పాడైన సున్నం వేస్తే ఎర్రబడదు. ఆమె అంత పెద్దావిడ, పక్కింట్లోంచి తెమ్మని పిల్లను పంపదా?"

నిజమే. గాలి తగిలి గట్టిపడిన సున్నానికి క్షారగుణం పోతుంది, పసుపును ఎర్రబరచలేదు. మాయ అనుకునే ముందు ఏ ఆడమనిషి అయినా అనుమానించేది సున్నాన్నే. అంతా మార్చి రాశాను.

ఇప్పుడు మనవరాలు పక్కింటికి వెళ్తుంది. వాళ్ళు కూడా నేల మీదే పళ్ళెం పెట్టి కలుపుతారు, ఎర్రబడదు. ఆ ఇంటావిడ కూడా వెంట బయల్దేరుతుంది. రెండో ఇంట్లోనూ అంతే. కబురు పెట్టకుండానే బజారు బజారంతా సున్నం డబ్బాలు పట్టుకుని గుమ్మాల్లోకి వస్తారు. మూడో ఇంట్లో కోడలు వంటగట్టు మీద కలుపుతుంది. సున్నం పడీపడగానే నీళ్ళు చిక్కగా, ఎర్రగా తిరుగుతాయి.

మనవరాలు ఆ పళ్ళేన్ని రెండు చేతులా పట్టుకుని, ఒలకకుండా, అడుగులో అడుగు వేసుకుంటూ తెస్తుంది. వెనక పదిమంది. నాయనమ్మ లేవలేక అక్కడే కూర్చుని ఉంది. "ఇదిగో నాయనమ్మా, మన సున్నమే మంచిది కాదు" అంటూ వంగి, పళ్ళెం ఆమె ముందు నేల మీద పెడుతుంది.